అతుకు కనబడని పంక్: లిండర్ కొలాజ్ పని తీరు

(కొలాజ్, అంటే కోసిన ముక్కలు అతికించి చేసే బొమ్మ, నేర్పే వర్క్‌షాప్‌కు ముందు ఇచ్చిన ప్రసంగం, రాతలో)

అందరికీ నమస్కారం. ముందు కూర్చున్నవాళ్లు ఆ గాజు పలకల మీద చేతులు పెట్టకండి, అంచులకు ఇంకా టేపు వేయలేదు.

పంక్, అంటే 1970ల నాటి తిరుగుబాటు రాక్ సంగీతం, అనగానే మన కళ్ల ముందుకు వచ్చేది చింపిన చొక్కా, దానికి గుచ్చిన పిన్నీసు, వార్తాపత్రికల్లోంచి కత్తిరించి బెదిరింపు ఉత్తరంలా అతికించిన అక్షరాలు. ఆ అక్షరాల పద్ధతిని లండన్‌లో సెక్స్ పిస్టల్స్ అనే పంక్ బ్యాండు కోసం జేమీ రీడ్ స్థిరపరిచాడు. అందులో చిరుగు కనబడాలి, జిగురు మరక కనబడాలి, తొందర కనబడాలి. బొమ్మ అర్థమంతా ఆ మోటుదనంలోనే ఉంది. ఈ పూట మనం చూడబోయేది ఇదే కాలంలో, ఇదే సంగీతం చుట్టూ, దీనికి పూర్తిగా ఎదురు దిక్కున జరిగిన పని. అందులో అతుకు ఎక్కడుందో వెతికినా దొరకదు. దొరకకపోవడం వల్లే ఆ బొమ్మ భయపెడుతుంది.

ఆ పని చేసిన మనిషి పేరు లిండర్. పుట్టినప్పటి పేరు లిండా మల్వే. 1954లో లివర్‌పూల్‌లో పుట్టారు. మాంచెస్టర్ పాలిటెక్నిక్‌లో గ్రాఫిక్ డిజైన్ చదివి 1977లో బయటికొచ్చారు. మరుసటి ఏడాది లూడస్ అనే బ్యాండు పెట్టి, అందులో పాడారు, పాటలు రాశారు, రికార్డు అట్టలు చేశారు. బొమ్మలు వేసే పాటగత్తె అనాలా, పాడే చిత్రకారిణి అనాలా అన్న చర్చ నాకు పెద్దగా పట్టదు. రెండు చోట్లా చేతిలో ఉన్నది ఒకే కత్తి. ఆ కత్తి సంగతి చూద్దాం.

1976 ప్రాంతంలో ఆవిడ పెన్సిలూ కుంచే పక్కన పెట్టేశారు. ఆపరేషన్లకు వాడే సర్జికల్ కత్తి, ఒక గాజు పలక, జిగురు, ఈ మూడే తీసుకున్నారు. ముడిసరుకు రెండు దొంతరల పత్రికలు. ఒక దొంతర మగవాళ్ల కోసం అచ్చయ్యేవి: కార్లు, ఇంటి మరమ్మతు పనులు, నగ్న చిత్రాలు. రెండోది ఆడవాళ్ల కోసం: ఫ్యాషన్లు, ప్రేమకథలు, వంటింటి సామాన్లు. రెండు దొంతరల్లోనూ ఉన్న ఉమ్మడి వస్తువు ఆడమనిషి ఒళ్లు. ఆ దొంతరనూ ఈ దొంతరనూ ఒకే కాగితం మీద కలపడమే ఆవిడ పని. బెర్లిన్‌లో మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక హన్నా హోక్, జాన్ హార్ట్‌ఫీల్డ్ అనే కళాకారులు చేసిన ఫొటోమాంటేజ్‌లకు, అంటే ఫొటో ముక్కల కొలాజ్‌లకు, ఇది దగ్గరి చుట్టం. కాకపోతే హోక్ బొమ్మలో పదుల కొద్దీ ముక్కలు జాతరలా కిక్కిరిసి ఉంటాయి. లిండర్ బొమ్మలో ముక్కలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

(స్లైడ్) ఇది 1977లో బజ్‌కాక్స్ బ్యాండు విడుదల చేసిన ఏడంగుళాల రికార్డు అట్ట. పాట పేరు ఆర్గాజమ్ ఎడిక్ట్. తెలుగు చేయనక్కర్లేదు, బీబీసీ ఆ పాట వేయడానికి ఒప్పుకోలేదంటే చాలు. అట్ట మీద నగ్నంగా ఉన్న ఒక ఆడమనిషి, తల ఉండాల్సిన చోట ఇస్త్రీ పెట్టె, చనుమొనల చోట పళ్లు కనబడేలా నవ్వుతున్న రెండు నోళ్లు. లెక్కపెట్టండి. ఒళ్లు ఒకటి, ఇస్త్రీ పెట్టె ఒకటి, నోళ్లు రెండు. మొత్తం నాలుగు ముక్కలు. ఇస్త్రీ పెట్టె వస్తువులమ్మే క్యాటలాగ్‌లోంచి వచ్చింది. ఇందులో చేత్తో గీసిన గీత ఒక్కటీ లేదు.

నాలుగే ముక్కలతో ఇంత దెబ్బ ఎలా తగిలింది? ఇక్కడ కాసేపు ఆగుదాం, మీలో చాలామంది తడబడేది ఇక్కడే. మొదటిది కొలత. ఇస్త్రీ పెట్టె దాదాపు తలంతే ఉంది. తల కంటే బాగా పెద్దదైతే కార్టూన్ అయిపోయేది, చిన్నదైతే ఒంటి మీద అంటించిన స్టిక్కర్‌లా ఉండేది. తల స్థానంలో వస్తువు పెడుతున్నప్పుడు ముందు గడ్డం నుంచి నడినెత్తి దాకా కొలవండి. పెట్టబోయే వస్తువు ఆ కొలతకు పదో వంతు అటో ఇటో ఉంటేనే కన్ను దాన్ని తలగా ఒప్పుకుంటుంది. రెండోది మెడ. కోత ఎప్పుడూ ఒంట్లో సహజంగా గీత ఉండే చోటే పడాలి: దవడ కింది నీడ, మెడ పట్టె, జుట్టు మొదలయ్యే అంచు, నగ, కాలరు. చదునైన చర్మం నడిమధ్యన కోస్తే ఎంత నున్నగా కోసినా అతుకు అరుస్తుంది. మూడోది వెలుగు. ఒంటి మీద వెలుగు ఎడమ నుంచి పడుతుంటే వస్తువు మీదా ఎడమ నుంచే పడాలి. కుదరకపోతే వస్తువును అద్దంలోలా తిప్పుకోవడానికి కంప్యూటర్ లేని రోజులవి, ఇంకో క్యాటలాగ్ వెతుక్కోవాల్సిందే. సరుకు వెతకడానికి పట్టే టైములో కోతకు పట్టేది పదో వంతు కూడా ఉండదు. నాలుగోది చాలామంది మరిచిపోయేది, అచ్చు చుక్క, అంటే అచ్చులో ఫొటోను నింపే సన్నటి సిరా చుక్క. పత్రికల ఆర్ట్ పేపరు మీద చుక్కలు సన్నం, అంగుళానికి 133 నుంచి 150 వరసలు. వార్తాపత్రికలో 65 నుంచి 85. ఈ రెండింటినీ పక్కపక్కన పెడితే రంగు కలిసినా చుక్క కలవదు, కన్ను వెంటనే పట్టేస్తుంది.

ఇక కత్తి. తెలుగు ఊళ్లలో స్టేషనరీ షాపులో దొరికే పేపర్ కట్టర్‌తో ఈ పని అవదు. దాని బ్లేడు మందం, మలుపులో కాగితాన్ని తోస్తుంది. సర్జికల్ సామాన్ల షాపులో 3వ నంబరు హ్యాండిల్, 11వ నంబరు బ్లేడ్లు అడగండి. హైదరాబాదువాళ్లకు కోఠిలో దొరుకుతాయి. 11వ నంబరు అంటే తిన్నటి అంచు, సూదిలాంటి మొన. వంపు తిరిగిన 10వ నంబరు బ్లేడు పొడుగు కోతలకు బాగుంటుంది గానీ పెదవి మూల దగ్గర పనికిరాదు. బ్లేడును వేళ్లతో ఎక్కించొద్దు, పటకారుతో పట్టుకుని గాడిలోకి జరపండి.

గాజు ఎందుకంటే, అట్టముక్క మీదో రబ్బరు మ్యాట్ మీదో కోస్తే పాత కోతల గాళ్లు ఉంటాయి, కత్తి మొన వాటిలోకి జారి మీ గీత వదిలి వాటి దారి పడుతుంది. గాజు మీద గాడి పడదు. దానికి కట్టాల్సిన సుంకం ఏమిటంటే మొన తొందరగా మొద్దుబారుతుంది. ఆర్ట్ పేపరు పైపూతలో మట్టి పొడి ఉంటుంది, అదీ మొనను తినేస్తుంది. అంచులో దూదిలా నూగు లేచిందంటే బ్లేడు అయిపోయిందని అర్థం. అరగంటకోసారి మార్చండి. బ్లేడు దగ్గర పిసినారితనం చేస్తే బొమ్మ పోతుంది. పలక 5 మిల్లీమీటర్ల మందం ఉండాలి, అంచులు అరగదీయించాలి, కింద తెల్ల కాగితం పరిచి పెట్టుకోవాలి.

కోసే వరస తప్పితే అంతా తప్పుతుంది. ముందు లోపలి కన్నాలు: చేతికీ నడుముకూ మధ్య ఖాళీ, ఇస్త్రీ పెట్టె పిడి కింది సందు. తర్వాత లోపలి మూలలు. అన్నింటికన్నా చివర వెలుపలి అంచు. వెలుపల ముందే కోసేస్తే పట్టుకోవడానికి కాగితం మిగలదు, సన్నటి చోట్ల చిరుగుతుంది. వంపు దగ్గర కత్తి చెయ్యి కదలకూడదు, రెండో చేత్తో కాగితాన్ని తిప్పాలి. కుమ్మరి సారె తిప్పినట్టు అనుకోండి. కత్తిని నిలువుగా కాకుండా కొంచెం వాల్చి పట్టుకోండి, పిడి బయటికి, మొన లోపలికి. అప్పుడు కాగితం అడుగు భాగం పైభాగం కంటే వెంట్రుకవాసి లోపలికి కోసుకుపోతుంది. మొన బయటికి వాలితే కాగితం తెల్లటి గర్భం అంచు పొడుగునా గీతలా కనబడుతుంది. అలా కనబడితే అదే రంగు పెన్సిలుతో, ముక్కను బోర్లించి, వెనకవైపు నుంచి అంచును తాకించండి. ముందు నుంచి రాస్తే రంగు బొమ్మ మీదికి పాకుతుంది.

జిగురు సంగతికొద్దాం. కొలాజ్‌లు ఎక్కువగా చెడేది ఇక్కడే. ఆ రోజుల్లో ఇంగ్లండ్ స్టూడియోల్లో పేజీలు అతికించేవాళ్లు రబ్బరు జిగురు వాడేవారు. రెండు వైపులా పూసి, ఆరనిచ్చి, అంటిస్తే గట్టి పట్టు. ఒకవైపే పూస్తే ముక్కను ఎత్తి మళ్లీ పెట్టుకోవచ్చు. మిగిలినది వేలితో రుద్దితే ఉండలు కట్టి ఊడొస్తుంది. నీళ్లు లేవు కాబట్టి కాగితం ముడత పడదు. మన దగ్గర దానికి దగ్గరి బంధువు పంక్చర్ షాపు సొల్యూషన్. (నవ్వులు) పంక్‌కీ పంక్చర్‌కీ ఆ మాత్రం చుట్టరికం ఉండాలి కదా. కిటికీలు తెరిచి పెట్టుకోండి, ఆ ఆవిరి తల తిప్పుతుంది, దగ్గర్లో నిప్పు ఉండకూడదు. రబ్బరు జిగురు పాపం పదేళ్లకో ఇరవై ఏళ్లకో బయటపడుతుంది: గోధుమ రంగుకు తిరిగి, పై కాగితానికి మరక ఎక్కించి, చివరికి పట్టు వదిలేస్తుంది. అట్ట అచ్చుకు పంపడానికి చేసే ఒరిజినల్‌కు అది చాలు. గోడ మీద వేలాడాల్సిన బొమ్మకు వద్దు.

ఫెవికాల్‌లో నీళ్లుంటాయి. కాగితం తడిస్తే నార ఉబ్బుతుంది, ఉబ్బడం నారకు అడ్డంగా ఎక్కువ, పొడుగునా తక్కువ. ఆరాక మళ్లీ ముడుచుకుంటూ కింది అట్టను లాగుతుంది, అట్ట విల్లులా వంగుతుంది. నార ఏ దిక్కున ఉందో తెలియాలంటే అదే పేజీలో అక్కర్లేని మూల చింపి చూడండి, తిన్నగా చిరిగిన దిక్కే నార దిక్కు. ముక్క నారా అట్ట నారా ఒకే దిక్కున పెట్టండి. అట్ట వెనక అదే బరువున్న కాగితం ఒకటి అంటిస్తే రెండు లాగుళ్లూ సరిపోతాయి. జిగురును మధ్య నుంచి అంచులకు పలచగా లాగి, పైన వెన్న కాగితం వేసి, ఒక రాత్రంతా పుస్తకాల బరువు పెట్టండి. ఆర్ట్ పేపరు కింద బుడగలు వచ్చాయంటే జిగురు ఎక్కువైందని. పైపూత గాలినీ నీళ్లనూ బయటికి పోనివ్వదు.

మైదా జిగురు గోడ పోస్టర్లకు: 20 గ్రాముల మైదాను కాస్త చన్నీళ్లలో ఉండలు లేకుండా కలిపి, మొత్తం 120 మిల్లీలీటర్ల నీళ్లు అయ్యేలా పోసి, సన్న సెగ మీద అడుగంటకుండా తిప్పుతూ పారదర్శకం అయ్యేదాకా ఉడికించాలి. పోస్టర్లు అంటించేవాళ్లు పురుగు పట్టకుండా చిటికెడు మైలుతుత్తం వేస్తారు. అది విషం, పైగా కాలం గడిచే కొద్దీ కాగితాన్ని తింటుంది. వీధి గోడకు సరే, ఒరిజినల్‌కు ముట్టించొద్దు.

ఇప్పుడు అచ్చు. లిండర్ అసలు కొలాజ్ రంగుల్లో ఉంది. అట్ట డిజైన్ చేసిన మాల్కమ్ గారెట్ అదే పాలిటెక్నిక్‌లో చదువుకున్నవాడు. రంగుల బొమ్మను ఒకే రంగులోకి దించి, పసుపూ నీలమూ, ఈ రెండింటితోనే అట్ట నడిపించాడు. రెండు రంగులంటే రెండు అచ్చు ప్లేట్లు, నాలుగు రంగుల ఖర్చు తప్పుతుంది. అంతకంటే పెద్ద లాభం ఇంకోటుంది. ఒకే రంగులోకి వచ్చేసరికి నాలుగు చోట్ల నుంచి వచ్చిన నాలుగు ముక్కల రంగు తేడాలు చచ్చిపోయాయి. చర్మం రంగూ ఇనుము రంగూ ఒకటైపోతే అతుకు పూర్తిగా మాయం. కత్తి మొదలుపెట్టిన పని సిరా పూర్తి చేసింది.

మీరు చేసేటప్పుడు రెండు ప్రమాదాలు. అచ్చయిన బొమ్మలో అప్పటికే చుక్కలున్నాయి. దాన్ని మళ్లీ చుక్కలుగా మారిస్తే ఒకదాని మీద ఒకటి పడి చీర జరీలా అలలు లేస్తాయి, దాన్ని మ్వారే అంటారు. తప్పించుకోవడానికి రెండు దారులు. మొదటిది, స్కాన్ 600 డీపీఐలో చేసి, స్కానర్‌లో చుక్కలు కరిగించే సెట్టింగ్ పెట్టి, కొత్త చుక్కల కోణాన్ని పాత కోణం నుంచి 30 డిగ్రీలు పక్కకు జరపడం. నలుపు మామూలుగా 45 డిగ్రీల మీద ఉంటుంది, కాబట్టి 75 గానీ 15 గానీ తీసుకోండి. రెండోది పంక్ దారి: జిరాక్స్. జిరాక్స్‌కు మళ్లీ జిరాక్స్, దానికి మళ్లీ. మూడో తరానికి లేత చుక్కలు ఎగిరిపోతాయి, ముదురు చుక్కలు కలిసిపోయి నల్ల దిమ్మలవుతాయి, బొమ్మ గీతల బొమ్మ అవుతుంది, ఇక చుక్కల గొడవే లేదు. దీని తంటా ఏమిటంటే కళ్లూ పెదవులూ నీడలో పూడిపోతాయి. మొదటి కాపీ మీరు కోరుకున్నదానికంటే లేతగా తీయండి, పూడిన చోట తెల్ల కరెక్షన్ ఫ్లూయిడ్‌తో తెరవండి. పాత యంత్రాలకు లేత నీలం కనబడేది కాదు, ఎరుపు నల్లగా కనబడేది. అచ్చు కెమెరా ఫిల్ముకూ లేత నీలం కనబడేది కాదు, అందుకే పేజీలు అతికించేవాళ్లు గుర్తులు లేత నీలం పెన్సిలుతో పెట్టుకునేవారు. ఇప్పటి డిజిటల్ యంత్రాలు నీలాన్నీ చూస్తాయి, జాగ్రత్త.

రెండో ప్రమాదం రంగు మీద రంగు. ముందు పసుపు, దాని మీద నీలం వేయాలి. ఆఫ్‌సెట్ సిరా పారదర్శకం, కాబట్టి పసుపు మీద నీలం పచ్చగా తిరుగుతుంది. అచ్చమైన నీలం కావాలంటే ఆ మేర పసుపు ఖాళీ వదలాలి, వదిలితే ప్లేట్లు వెంట్రుకంత జరిగినా తెల్ల గీత కనబడుతుంది. అందుకని నీలం కిందికి 0.2 నుంచి 0.3 మిల్లీమీటర్లు పసుపును చొరబడనివ్వాలి. అట్ట కొలత సుమారు 184 మిల్లీమీటర్ల చదరం, నాలుగు వైపులా 3 మిల్లీమీటర్లు అదనం. ఒరిజినల్‌ను ఒకటిన్నర రెట్లు పెద్దగా, అంటే 276 మిల్లీమీటర్లకు చేసి 67 శాతానికి తగ్గిస్తే మీ చేతి తప్పులన్నీ మూడో వంతు కుంచించుకుపోతాయి. చిన్నగా చేసి పెంచారంటే తప్పులూ పెరుగుతాయి.

డబ్బు సంగతి ఒక్కటి చెప్పి వదిలేస్తాను. బజ్‌కాక్స్ తొలి రికార్డు స్పైరల్ స్క్రాచ్ 1976 డిసెంబరు 28న రికార్డయి, 1977 జనవరిలో న్యూ హార్మోన్స్ అనే సొంత లేబుల్, అంటే సొంత రికార్డు కంపెనీ, మీద వచ్చింది. అప్పు చేసిన 500 పౌండ్లతో మొదట వెయ్యి కాపీలు వేశారు. అదే లేబుల్ రెండో సరుకు రికార్డు కాదు, కొలాజ్‌ల పత్రిక. 1978లో లిండర్, రచయిత జాన్ సావేజ్ కలిసి చేసిన ద సీక్రెట్ పబ్లిక్. రికార్డుకిచ్చినట్టే దానికీ క్యాటలాగ్ నంబరిచ్చారు. నాకు ఈ మొత్తం కథలో అన్నిటికంటే నచ్చిన నంబరు అదే.

కత్తి లేని పనీ ఒకటుంది. మ్యాగజీన్ బ్యాండు 1978 ఆల్బమ్ రియల్ లైఫ్ అట్ట మీద తేలుతున్న ముఖాలు లిండర్ మోనోప్రింట్లు. గాజు మీద నూనె సిరాను రోలర్‌తో పలచగా పరిచి, కాగితం బోర్లించి, వెనక నుంచి గీస్తే ఒత్తిన చోటే సిరా ఎక్కుతుంది. రోలర్ కింద సన్నటి చిటపట వినబడాలి, పచపచమంటే సిరా ఎక్కువైంది. అప్పుడు ఒకసారి పాత పేపరు అద్ది తీసేయండి. గీసేటప్పుడు అరచెయ్యి కాగితం మీద ఆనితే అక్కడంతా మసి. పలక ఒకటి, మంచి ప్రింటు ఒకటి, అంతే.

లూడస్ సంగీతం విన్నవాళ్లకు ఈ కోతలు చెవికీ తెలుస్తాయి. పాట సాఫీగా పోతుండగా నడిమధ్యలో నవ్వు, నవ్వు తెగిన చోట అరుపు, మళ్లీ ఏమీ జరగనట్టు పాట. గిటారు ఇయాన్ డివైన్. 1982 నవంబరు 5న మాంచెస్టర్ హసియెండా క్లబ్బులో లిండర్ కోడి మాంసపు మిగులు ముక్కలు కుట్టిన నల్ల నెట్ దుస్తులు వేసుకుని పాడారు. క్లబ్బు తెరల మీద నడుస్తున్న అశ్లీల వీడియోలకు నిరసన అది. ఆవిడ శాకాహారి కూడా. ఇలాంటి మాంసం దుస్తులు 2010లో లేడీ గాగా వేసుకున్నప్పుడు లోకమంతా చూసింది, కానీ అప్పటికి హసియెండాది 28 ఏళ్ల పాత సంగతి. పత్రికలోంచి కోసిన ఒళ్లు కాకుండా తన ఒళ్లే కాగితం అయిన కొలాజ్ అనుకోండి దాన్ని.

తర్వాతి జీవితం గబగబా: 2013లో పారిస్ మోడర్న్ ఆర్ట్ మ్యూజియంలో పెద్ద ప్రదర్శన, 2018లో లండన్ సదర్క్ మెట్రో స్టేషన్ దగ్గర పొడవాటి బిల్‌బోర్డు, 2025లో లండన్ హేవర్డ్ గ్యాలరీలో ప్రదర్శన. దాని పేరు లూడస్ 1982 ఆల్బమ్ పేరే, డేంజర్ కేమ్ స్మైలింగ్.

(సభలో ప్రశ్న: ఇదంతా కంప్యూటర్‌లో పది నిమిషాల్లో అయిపోతుంది కదండీ?)

అవుతుంది. కానీ కంప్యూటర్‌లో తల సరిపోకపోతే చిన్నది చేస్తారు, వెలుగు కుదరకపోతే తిప్పేస్తారు. ఏ తలైనా ఏ ఒంటికైనా సరిపోతుంది, కాబట్టి వెతకరు. కాగితంలో ఉన్న కొలతే కొలత. ఇస్త్రీ పెట్టె సరిగ్గా ఆ తలంత దొరికేదాకా పేజీలు తిప్పాలి, తిప్పుతూ ఉంటే ఆ పత్రికలు ఆడమనిషిని ఎన్నిసార్లు ఏ భంగిమలో పెట్టాయో కంటికి ఎక్కుతుంది. వెతుకులాట కాగితం మీద చేసి, స్కాన్ మాత్రం కంప్యూటర్‌లో చేయండి. నాకైతే అది సబబు.

(ప్రశ్న: పాత పత్రికలు ఎక్కడ దొరుకుతాయి?)

హైదరాబాదులో ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్. లేదా మీ వీధి పాత పేపర్ల కొట్టు, కిలోల లెక్కన. ఒకే పత్రిక ఏడాది సంచికలు కలిపి దొరికితే వదలొద్దు, కాగితం, అచ్చు చుక్క, సిరా అన్నీ ఒకటే కాబట్టి ముక్కలు కలుస్తాయి. జిడ్డు పట్టినవీ చెమ్మకు అంటుకుపోయినవీ వద్దు. ఇంకో మాట, మీరు కోసే ఫొటో ఎవరో ఒకరు తీసిందే. అమ్మకానికి పెట్టే ముందు హక్కుల సంగతి తెలిసినవాళ్లను అడగండి.

సరే, బల్లల దగ్గరికి వెళ్దాం. ఒక్కొక్కరికి ఒక హ్యాండిలు, మూడు బ్లేడ్లు. మొదటి గంట జిగురు ముట్టొద్దు, కోసిన ముక్కలు గాజు మీద పెట్టి జరుపుతూ చూసుకోండి. నాలుగు ముక్కలు దాటితే ఒకటి తీసేయండి. వాడేసిన బ్లేడ్లు చెత్తబుట్టలో వేయకండి, చెత్త ఎత్తే అమ్మ చేతులు తెగుతాయి. తలుపు పక్కన మూతకు చీలిక పెట్టిన డబ్బా ఉంది, అందులో వేయండి.